బ్రోకెన్ హిల్ వెండి గనులలో కార్మికుల కాలం

వెండి భూమిలో వెండిగా దొరకడం అరుదు. ఎక్కువ గనులలో అది సీసంతోనో, రాగితోనో, జింకుతోనో ముడిపడి, కంటికి ఆననంత స్వల్పంగా రాతిలో ఒదిగి ఉంటుంది కాబట్టి, లోకం వెండి గని అని పిలిచే చోట కార్మికుడు చాలాసార్లు తవ్వేది సీసపు రాయిని, పీల్చేది సీసపు ధూళిని. ఇరవయ్యో శతాబ్దపు తొలి దశాబ్దాలలో ప్రపంచానికి వెండినీ సీసాన్నీ అందించిన గనులలో ముఖ్యమైనది బ్రోకెన్ హిల్. ఆస్ట్రేలియాలోని న్యూ సౌత్ వేల్స్ రాష్ట్రానికి పడమటి అంచున, దక్షిణ ఆస్ట్రేలియా సరిహద్దుకు దగ్గరగా, వాన మొహం ఎరగని మెట్ట నేల మీద ఈ ఊరు పుట్టింది. ఆ ఊరి కార్మికుల చరిత్రను కూలి రేట్ల కోసం జరిగిన సమ్మెల వరసగా చెప్పడం పరిపాటి. కూలి కోసం వారు పోరాడిన మాట నిజమే కానీ, నాలుగు దశాబ్దాల ఘటనలను ఒకచోట పెట్టి చూస్తే, ఆ పోరాటాలన్నిటి అడుగునా ఉన్నది కాలం గురించిన పేచీ: మనిషి వారానికి ఎన్ని గంటలు భూమి కింద ఉండవచ్చు, ఆ గంటలు అతని ఆయుష్షులో ఎన్నేళ్లను తరిగివేస్తాయి అన్న లెక్క.

ఈ గనుల కథ భారతదేశానికి పరాయిది కాదు. కాలి పట్టీలు, మొలతాడు, కుంకుమ భరిణె, పూజగదిలోని హారతి పళ్లెం వంటి వస్తువులన్నిటికీ కావలసిన వెండిలో అత్యధిక భాగం ఆ కాలంలో సముద్రం దాటి వచ్చినదే. బ్రిటిష్ ఇండియా రూపాయి నాణెం సరిగ్గా ఒక తులం, అంటే 180 గ్రెయిన్లు తూగేది; పన్నెండింట పదకొండు వంతులు శుద్ధమైన వెండితో తయారయ్యేది. ఎవరైనా వెండి కడ్డీలను టంకశాలకు అప్పగించి, కొద్దిపాటి రుసుము చెల్లించి, రూపాయలుగా మార్చుకునే వీలు 1893 జూన్ 26 వరకు ఉండేది. ఆ రోజున భారత ప్రభుత్వం ఆ వీలును రద్దు చేయడంతో ప్రపంచపు వెండికి ఎప్పుడూ తెరిచి ఉన్న ఒక పెద్ద వాకిలి మూసుకుపోయి, ధర ఒక్కసారిగా పడిపోయింది. అమెరికాలోని కొలరాడోలోనూ, ఆస్ట్రేలియాలోని బ్రోకెన్ హిల్‌లోనూ గని యజమానుల లెక్కలు తారుమారయ్యాయి, ఆ భారం కార్మికుల మీదికి దిగింది. అదే భారతదేశం మొదటి ప్రపంచ యుద్ధకాలంలో మళ్లీ వెండి కోసం అలమటించింది. జనం రూపాయలను దాచుకోవడంతో చెలామణీకి నాణేలు కరవై, 1918లో అమెరికా పిట్‌మన్ చట్టం చేసి, తన ఖజానాలోని వెండి డాలర్లను కరిగించి, సుమారు 20 కోట్ల ఔన్సుల వెండిని భారతదేశపు అవసరం కోసం బ్రిటిష్ ప్రభుత్వానికి అమ్మింది. కలకత్తా టంకశాల తలుపుకూ, ఎక్కడో ఎడారి అంచున గునపం పట్టిన మనిషి కూలికీ మధ్య ఇంత నేరుగా సంబంధం ఉండేదని గమనించకపోతే, వెండి గనుల చరిత్ర సగమే అర్థమవుతుంది.

బ్రోకెన్ హిల్ అంటే విరిగిన కొండ. మధ్యలో నొక్కుకుపోయినట్లు కనిపించే ఆ నల్లని రాతి వరస మీద 1883 సెప్టెంబరులో చార్లెస్ రాస్ప్ అనే వ్యక్తి తన హక్కుకు గుర్తుగా మేకులు పాతాడు. అతడు మౌంట్ గిప్స్ అనే గొర్రెల క్షేత్రంలో కంచెల వెంట గుర్రం మీద తిరిగి కాపలా కాసే ఉద్యోగి. ఆ నల్లరాయి తగరపు ఖనిజమని అతని నమ్మకం. అదే క్షేత్రంలో పనిచేసే ఏడుగురు కలిసి పెట్టిన కూటమి నుంచి 1885లో బ్రోకెన్ హిల్ ప్రొప్రైటరీ కంపెనీ పుట్టింది; తరువాతి కాలంలో బి.హెచ్.పి. అన్న పొట్టి పేరుతో ప్రపంచమంతా ఎరిగిన సంస్థ అదే. తగరం దొరకలేదు. దొరికినది విల్లులా వంగి సుమారు ఏడు కిలోమీటర్ల పొడవున సాగిన వెండి, సీసం, జింకుల పొర. దానిలో నేలకు దగ్గరగా ఉన్న భాగం గాలీ నీరూ సోకి మార్పు చెందినది కాబట్టి అక్కడ వెండి క్లోరైడు రూపంలో సమృద్ధిగా, సులువుగా తీయడానికి వీలుగా ఉండేది. లోతుకు పోయేకొద్దీ గలీనా, అంటే సీసమూ గంధకమూ కలిసిన బరువైన రాయి, జింకు ఖనిజంతో విడదీయరానంతగా పెనవేసుకుని ఎదురైంది. పై పొరల కలిమి తీరిపోయి లోపలి మొండిరాయి మిగిలిన కాలమే ఇరవయ్యో శతాబ్దపు ఆరంభం.

ఊరి పుట్టుక కూడా గని పుట్టుకంత తొందరగానే జరిగింది. సిడ్నీకి వెయ్యి కిలోమీటర్లకు పైగా దూరాన ఉన్న ఆ చోటుకు సొంత రాష్ట్రం రైలు వేయలేదు. 1888లో సిల్వర్టన్ ట్రామ్‌వే అనే ప్రైవేటు రైలు మార్గం సరిహద్దు దాకా సాగి దక్షిణ ఆస్ట్రేలియా రైళ్లతో కలిసింది. ముడి ఖనిజం ఆ దారినే పోర్ట్ పిరీ రేవుకు, అక్కడి సీసం కొలుములకు వెళ్లేది. నీటి ఎద్దడి ఎంత ఘోరంగా ఉండేదంటే, 1888లో టైఫాయిడ్ చెలరేగి ప్రాణాలు తీసింది; కరవు ఏడులలో నీటిని రైళ్లలో తెచ్చి అమ్మవలసి వచ్చింది. చుట్టుపక్కల ముల్గా చెట్లను కొలుములకూ పొయ్యిలకూ నరికివేయడంతో నేల బోడిగా మారి, దుమ్ము తుపానులు ఊరిని కమ్మేవి. రైలు అందని గొర్రెల క్షేత్రాలకు సరుకులు మోసింది ఒంటెలు. వాటిని తోలినవారిని అందరూ అఫ్గాన్లు అని పిలిచినా, వారిలో అఫ్గానిస్తాన్ వారితో పాటు బలూచిస్తాన్, సింధ్, పంజాబు ప్రాంతాల నుంచి వెళ్లినవారు కూడా ఉన్నారు. ఊరి ఉత్తరపు కొసన రేకులతో కట్టుకున్న వారి మసీదు ఇప్పటికీ నిలిచి ఉంది. గనులలో మాత్రం వారికి చోటు లేదు. తెల్లజాతి కార్మిక సంఘాలు ఆసియా వారిని తమలో చేరనివ్వలేదు. న్యాయం కోసం అంత పట్టుదలగా పోరాడిన సంఘాల చరిత్రలో ఇది చెరిపివేయరాని మచ్చ. 1911 నాటికి ఊరి జనాభా 30 వేలు దాటింది.

ఇక భూమి కింది పని. షాఫ్టు అంటే నేలలోకి నిలువుగా తవ్విన బావి. దాని మీద ఇనుముతోనో దూలాలతోనో కట్టిన ఎత్తైన చట్రం మీదుగా ఆవిరి యంత్రం తాడును చుట్టుతూ విప్పుతూ, కేజ్ అనే ఇనుప పంజరాన్ని కిందికీ పైకీ నడిపేది. వందల అడుగుల లోతున ఆ బావి నుంచి అడ్డంగా సొరంగాలు బయలుదేరి ఖనిజపు పొరను చేరుకుంటాయి. ఆ పొరను కింది నుంచి పైకి తవ్వుకుంటూ పోగా ఏర్పడే పెద్ద గుహను స్టోప్ అంటారు. బ్రోకెన్ హిల్ పొర ఎంతో వెడల్పైనది కావడం వల్ల, మామూలు గుంజలతో ఆ గుహల కప్పు నిలవదు. 1880ల చివర కంపెనీ అమెరికా నుంచి రప్పించిన విలియం ప్యాటన్ అనే గని నిపుణుడు, నెవాడాలోని కామ్‌స్టాక్ వెండి గనులలో అలవాటైన పద్ధతిని ఇక్కడ ప్రవేశపెట్టాడు. లావాటి దూలాలను చతురస్రపు గళ్లుగా ఒకదాని మీద ఒకటి పేర్చి, తవ్విన ఖాళీనంతా కర్ర గూళ్లతో నింపడమే ఆ పద్ధతి. ఓడల మీద వచ్చిన ఒరెగాన్ కలప ఒక అడవికి అడవిగా భూమి కిందికి దిగిపోయింది. ఆ కర్ర కొన్నాళ్లకు బరువుకు నలిగి, పుచ్చి, ఒక్కోచోట మంటలకు ఆహుతై, రక్షణగా వేసినదే ప్రమాదంగా మారిన సందర్భాలు ఉన్నాయి. పైకప్పు నుంచి రాయి ఊడిపడి మరణించడం ఎంత మామూలైపోయిందంటే, సంఘం అంత్యక్రియల నిధి కార్మికుని నెలసరి చందాలో ఒక సాధారణ భాగమైంది.

మొదటి కార్మికులలో చాలామంది దక్షిణ ఆస్ట్రేలియాలోని మూంటా, బుర్రా రాగి గనుల నుంచి తరలివచ్చిన కార్నిష్ వారు, అంటే ఇంగ్లండు నైరుతి కొస అయిన కార్న్‌వాల్ నుంచి తరతరాల గని విద్యతో వలస వచ్చిన కుటుంబాలవారు. భోజనపు మూటను క్రిబ్ అనడం, ఆ తిండి కోసం పని ఆపే విరామాన్ని కూడా అదే మాటతో పిలవడం వారి నుంచి వచ్చిన అలవాటే. కొవ్వొత్తి వెలుగులో ఒకరు ఉక్కు కడ్డీని రాతికి ఆనించి తిప్పుతుంటే మరొకరు సుత్తితో మోది రంధ్రం చేయడం పాత పద్ధతి. రంధ్రాలలో మందు కూరి పేల్చాక, పొగ తగ్గిందో లేదో తెలియని చీకటిలోకి మరో జట్టు దిగి, రాతిని పారలతో తోపుడు పెట్టెలకెత్తి, పట్టాల మీద షాఫ్టు దాకా నెట్టుకెళ్లేది. ట్రక్కర్లు అని పిలిచే ఆ నెట్టేవారికి కూలి తక్కువ, వయసు కూడా చాలాసార్లు తక్కువ. కాంట్రాక్టు పద్ధతిలో తవ్వేవారికి రోజు కూలి కాక, తీసిన రాతి కొలతను బట్టి డబ్బు ముట్టేది. కొలత పెంచాలంటే గుంజ వేయడానికి పట్టే సమయాన్ని తగ్గించుకోవాలి కాబట్టి, ఈ పద్ధతిని సంఘాలు మొదటి నుంచీ ప్రాణాంతకమని వ్యతిరేకించడంలో అన్యాయమేమీ లేదు.

ప్రమాదం క్షణంలో చంపుతుంది. సీసం నెలల తరబడి చంపుతుంది. పై పొరలలోని సీసపు కార్బనేటు మెత్తని పొడిగా రాలి, చేతులకు, తిండికి, ఊపిరికి అంటుకునేది. కడుపులో మెలిపెట్టే నొప్పి, చిగుళ్ల అంచున నీలిగీత, మణికట్టు చచ్చుబడి చెయ్యి వేలాడిపోవడం, చివరి దశలో మూర్ఛలు ఆ విషం లక్షణాలు. విషం సోకినవాణ్ణి ఊరిలో సీసమెక్కినవాడు అనేవారు. 1892లో న్యూ సౌత్ వేల్స్ ప్రభుత్వం ఈ వ్యాధిపై విచారణ మండలిని నియమించింది, మరుసటి ఏడు నివేదిక వెలువడింది. లోతైన గంధకపు రాతికి చేరాక సీసపు విషం కొంత తగ్గింది గానీ, దాని స్థానంలో మరొక శత్రువు నిలిచింది. గాలి పీడనంతో నడిచే తొలిచే యంత్రాలు చేతి సుత్తి కంటే ఎన్నోరెట్లు వేగంగా రంధ్రం చేసేవి; తొలి రోజులలో వాటికి నీటి జల్లు లేకపోవడంతో, కంటికి కనిపించని రాతి పొడి కార్మికుని ఊపిరితిత్తులలోకి చేరి అక్కడే గడ్డకట్టేది. దీన్నే సిలికోసిస్ అంటారు. దానివల్ల బలహీనపడిన ఊపిరితిత్తులలో క్షయ సులువుగా పాగా వేస్తుంది. కోలార్ బంగారు గనులలో చిత్తూరు వైపు నుంచి వెళ్లిన తెలుగు కార్మికులు, తమిళ కార్మికులతో కలిసి పీల్చింది ఇదే రాతి ధూళి; అక్కడ ఆ జబ్బుకు పరిహారపు నియమాలు 1940లో గాని రాలేదు.

కార్మికులు సంఘటితమైనది తొందరగానే. అమాల్గమేటెడ్ మైనర్స్ అసోసియేషన్ అనే గని కార్మిక సంఘం 1889, 1890 సమ్మెలలో కొంత సాధించింది. అయితే వెండి ధర తగ్గుతూ వస్తున్న 1892లో యజమానులు ఒప్పందాన్ని రద్దుచేసి, కాంట్రాక్టు పద్ధతిని తెస్తామని ప్రకటించగా, జూలైలో మొదలైన సమ్మె నాలుగు నెలలు సాగి ఓడిపోయింది. నాయకులను కుట్ర నేరం మోపి అరెస్టు చేసి, స్థానిక జ్యూరీ వదిలేస్తుందన్న భయంతో విచారణను దూరాన ఉన్న డెనిలిక్విన్ పట్టణానికి మార్చి జైలుకు పంపారు. ఆ తరువాతి పదేళ్లూ సంఘం నీరసించిపోయింది.

ఈలోగా రాతి సమస్యకు శాస్త్రం ఒక దారి చూపింది. సీసాన్నీ జింకునూ విడదీయలేక పారబోసిన పిండిరాయి గుట్టలుగా పేరుకుపోయి ఉండగా, మెల్‌బోర్న్‌లో బీరు తయారీదారు అయిన చార్లెస్ పాటర్, బి.హెచ్.పి. మేనేజరు గియోమ్ డెల్‌ప్రాట్ వంటివారు 1901 తరువాత కొద్ది ఏళ్లలో ఫ్లోటేషన్ పద్ధతిని రూపొందించారు. మెత్తగా నూరిన రాతిని ఆమ్లమో లవణమో కలిపిన వేడి ద్రావకంలో వేస్తే, గంధకపు ఖనిజపు రేణువులు బుడగలకు అంటుకుని పైకి తేలుతాయి, పనికిరాని రాయి అడుగున ఉండిపోతుంది. బరువైన లోహం తేలడం, తేలికైన రాయి మునగడం! బ్రోకెన్ హిల్ ప్రపంచానికిచ్చిన అతి పెద్ద కానుక బహుశా వెండి కాదు, ఈ పద్ధతే. దీనితో గనుల ఆయువు పెరిగింది, లాభాలు పెరిగాయి. మిల్లులలో నూరేవారికి అదనంగా దక్కింది కొంత ధూళి.

1908 చివరతో కూలి ఒప్పందం గడువు తీరింది. తక్కిన కంపెనీలు పాత రేట్లకే అంగీకరించినా, బి.హెచ్.పి. కూలి తగ్గిస్తామని పట్టుబట్టి, ఒప్పుకోనివారిని 1909 జనవరి నుంచి గేటు బయట నిలిపివేసింది. సంఘం ఆహ్వానంపై వచ్చిన టామ్ మన్ అనే ప్రసిద్ధ ఇంగ్లిష్ కార్మిక నాయకుణ్ణి పోలీసులు అరెస్టు చేశారు. న్యూ సౌత్ వేల్స్ గడ్డ మీద ఉపన్యసించరాదన్న షరతుతో బెయిలు దొరికింది. అప్పుడు కార్మికులు రైళ్లెక్కి సరిహద్దు దాటి, దక్షిణ ఆస్ట్రేలియాకు చెందిన కాక్‌బర్న్ అనే చిన్న ఊరికి వేలమందిగా చేరి, అక్కడి మట్టి మీద నిలబడి అతని ప్రసంగం విన్నారు. వివాదం కేంద్ర మధ్యవర్తిత్వ న్యాయస్థానానికి వెళ్లగా, జస్టిస్ హిగ్గిన్స్ కార్మికుల పక్షాన తీర్పు చెప్పాడు. మనిషి బతకడానికి చాలినంత కూలి ఇవ్వలేని వ్యాపారం ఉంటే, కూలిని తగ్గించి దాన్ని నడపడం కన్నా మూసివేయడమే మేలన్నది ఆయన తీర్పులోని సారాంశం. కంపెనీ నిజంగానే గనిని చాలాకాలం మూసి ఉంచింది. తీర్పు గెలిచినవారికి పని లేకపోవడం ఆ విజయంలోని విషాదం. ఆ ఏడాదికి కొద్దిగా ముందే, 1908లో, సంఘాల సొంత పత్రిక బారియర్ డైలీ ట్రూత్ దినపత్రికగా మారింది. కార్మిక సంఘాలే యజమానులుగా ఒక దినపత్రిక నడవడం ఆనాటికి లోకంలో అపూర్వం.

మొదటి ప్రపంచ యుద్ధం బ్రోకెన్ హిల్ సీసాన్ని తుపాకీ గుండ్లకు అవసరమైన సరుకుగా మార్చింది. యుద్ధానికి ముందు అక్కడి ఖనిజంలో చాలా భాగం జర్మన్ కంపెనీల ఒప్పందాల కింద పోయేది కాబట్టి, 1914లో గనులు కొంతకాలం కుంటుపడి, వేలమంది పని కోల్పోయారు. తరువాత బ్రిటన్ కొనుగోలుతో మళ్లీ ఊపందుకున్నాయి. అటువంటి సమయంలో, దేశద్రోహులన్న నిందను భరిస్తూ, భూగర్భ కార్మికులు శనివారం మధ్యాహ్నపు షిఫ్టుకు దిగడం మానివేసి, వారానికి 48 గంటలకు బదులు 44 గంటలే పనిచేస్తామని 1915లో నిలబడి, మరుసటి ఏడు సాధించుకున్నారు. పెర్సీ బ్రూక్‌ఫీల్డ్ అనే గని కార్మికుడు ఈ కాలంలోనే నాయకుడిగా ఎదిగి, నిర్బంధ సైనిక సేవను వ్యతిరేకించి జైలుకు వెళ్లి, 1917లో రాష్ట్ర శాసనసభకు ఎన్నికయ్యాడు.

1919 మే నెలలో మొదలైన సమ్మెను ఊరు ఇప్పటికీ బిగ్ స్ట్రైక్ అంటుంది. అడిగినవి: రోజుకు ఆరు గంటలు, వారానికి అయిదు రోజులు, రాత్రి షిఫ్టు రద్దు, కాంట్రాక్టు పద్ధతి రద్దు, రాతి ధూళితో సీసంతో చెడిపోయిన ప్రతి కార్మికుడికీ పరిహారం. ఈ కోరికలను విడివిడిగా చూస్తే బేరసారాల చిట్టాలా అనిపిస్తాయి. కలిపి చూస్తే అవన్నీ ధూళిని పీల్చే కాలాన్ని తగ్గించే మార్గాలే. రాత్రి షిఫ్టు లేకపోతే పేలుడు పొగా పొడీ అణగడానికి వ్యవధి దొరుకుతుంది. కాంట్రాక్టు లేకపోతే తడపకుండా తొలిచే తొందర ఉండదు. గంటలు తగ్గితే ఊపిరితిత్తులకు చేరే పొడి తగ్గుతుంది. వైద్యశాస్త్రం ఇంకా తడబడుతున్న విషయాన్ని కార్మికులు తమ అన్నదమ్ముల దగ్గు నుంచి నేర్చుకుని కోరికలుగా రాశారు. ఆ సమ్మె పద్దెనిమిది నెలలు సాగింది. సంఘం పంచిన కూపన్లతో కిరాణా సరుకులు తెచ్చుకుంటూ, కొందరు పని వెతుక్కుంటూ వేరే రాష్ట్రాలకు పోతూ, మిగిలిన కుటుంబాలు రెండు మండు వేసవులలో ఒకదాన్ని పూర్తిగా దాటి, రెండో వేసవి గడప దాకా వచ్చాయి. ఆ ఇళ్లలో అర్ధాకలిని నెలల తరబడి సర్దిన స్త్రీల పేర్లు సంఘం మినిట్సు పుస్తకాలకు ఎక్కకపోయినా, సమ్మె నిలిచింది వారి వంటిళ్లలోనే.

1920లో న్యూ సౌత్ వేల్స్‌లో లేబర్ ప్రభుత్వం స్వల్ప బలంతో ఏర్పడగా, బ్రూక్‌ఫీల్డ్ ఓటు నిర్ణాయకమై, గని కార్మికుల పరిహారం శాసనసభలో తప్పించుకోలేని అంశమైంది. ప్రభుత్వం నియమించిన సాంకేతిక కమిషన్‌కు సిడ్నీ విశ్వవిద్యాలయానికి చెందిన ప్రొఫెసర్ చాప్‌మన్ నాయకత్వం వహించగా, వైద్యులు బ్రోకెన్ హిల్‌లో వేలాది కార్మికులను ఒక్కొక్కరిగా పరీక్షించారు. రాతి ధూళి జబ్బు, క్షయ, సీసపు విషం వందలమందిలో బయటపడ్డాయి. 1920 నవంబరులో జడ్జి ఎడ్మండ్స్ తీర్పుతో సమ్మె ముగిసింది. భూగర్భంలో వారానికి 35 గంటల పని, మరమ్మతుల వంటి అవసరాలకు తప్ప రాత్రి షిఫ్టు రద్దు, జబ్బుపడినవారికి పరిహారం ఖాయమయ్యాయి. కాంట్రాక్టు పద్ధతి మాత్రం పోలేదు. అడిగిన 30 గంటలు దక్కలేదు గానీ, ఆనాటి ప్రపంచంలో అంత తక్కువ పని వారం మరే పెద్ద గనిలోనైనా ఉండడం అరుదు. బ్రూక్‌ఫీల్డ్ ఆ ఫలితాన్ని ఎక్కువ కాలం చూడలేదు. 1921 మార్చిలో, రివర్టన్ రైల్వే స్టేషనులో ప్రయాణికులపై కాల్పులు జరుపుతున్న ఒక వ్యక్తిని నిరాయుధుణ్ణి చేయబోయి గుండు తగిలి మరణించాడు.

పరీక్షలో జబ్బు తేలినవారిని మళ్లీ గనిలోకి దిగనివ్వలేదు. వారి పోషణకూ, వారు మరణిస్తే వారి మీద ఆధారపడినవారి పోషణకూ బ్రోకెన్ హిల్ కార్మికుల కోసమే 1920లో చేసిన ప్రత్యేక చట్టం కింద భృతి ఏర్పాటైంది. అప్పటి నుంచి గని పనికి కొత్తగా వచ్చే ప్రతి మనిషీ ముందుగా వైద్యుని దగ్గర ఊపిరితిత్తులు పరీక్ష చేయించుకుని, ఆ తరువాతే కేజ్ ఎక్కవలసి వచ్చింది.